రామయ్య తిరిగొచ్చాడు, మా తాతలు తిరిగి పోలేదు

('మా భూమి' సినిమా గురించి నా అభిప్రాయం)

'మా భూమి' 1979 నాటి తెలుగు సినిమా. అందులో రంగులు ఉండవు, పేరు మోసిన హీరో ఉండడు. దర్శకుడు గౌతమ్ ఘోష్ బెంగాలీ. ఇది ఆయన తీసిన మొదటి కథాచిత్రం. బి. నర్సింగరావు, జి. రవీంద్రనాథ్ నిర్మించారు. కిషన్ చందర్ ఉర్దూలో రాసిన 'జబ్ ఖేత్ జాగే' అనే నవల దీనికి ఆధారం. ఇదే పేరుతో సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు 1947లో రాసిన నాటకం కూడా ఉంది. అది వేరు, ఇది వేరు.

పోయిన సెప్టెంబరు 17న మా బడి హాలులో ఈ సినిమా వేశారు. ఆ రోజు మన మహారాష్ట్రలో మరాఠ్వాడా ముక్తి సంగ్రామ దినం. కర్ణాటకలో దాన్ని కల్యాణ కర్ణాటక దినం అంటారు. తెలంగాణలో విమోచనం అనాలా, విలీనం అనాలా, సమైక్యత అనాలా అని ఇప్పటికీ వాదించుకుంటున్నారు. తేదీ ఒకటే, పేర్లు మాత్రం ఇన్ని. పేరు దగ్గరే ఇంత తగాదా ఉంటే ఆ రోజుల్లో బతికిన మామూలు మనుషులకు ఏం జరిగిందో తెలుసుకోవడం ఎంత కష్టమో ఆలోచించండి. ఈ సినిమా ఆ పని ఎంతవరకు చేసింది, ఎక్కడ చేయలేదు అన్నదే ఈ వ్యాసంలో రాస్తున్నాను.

ముందు కథ. నిజాం పాలనలోని తెలంగాణ పల్లెలో రామయ్య పేద రైతు బిడ్డ. ఊరంతా దొర గడీకి వెట్టి చేస్తుంది. రామయ్య ఇష్టపడిన లంబాడి పిల్ల చంద్రి మీద దొర కన్ను పడుతుంది. ఆ దెబ్బకు రామయ్య ఊరు విడిచి పట్నం పోయి కూలి చేసుకుంటాడు. అక్కడ మఖ్బూల్ అనే కార్మికుడు పరిచయం అవుతాడు. అతని వల్ల రామయ్యకు సంఘం అంటే ఏమిటో తెలుస్తుంది. తిరిగి ఊరికొచ్చి జనాన్ని కూడగడతాడు. జనం గడీ మీదికి పోతారు, భూములు పంచుకుంటారు. తర్వాత సైన్యం వస్తుంది, పారిపోయిన దొర కూడా తిరిగొస్తాడు. రామయ్య చనిపోతాడు. రామయ్యగా సాయిచంద్, చంద్రిగా హంస నటించారు. తెలంగాణ శకుంతలకు ఇదే మొదటి సినిమా.

సినిమా నడుస్తుండగా మా వెనక వరుసలో కొందరికి నిద్ర వచ్చింది. "ఎంత స్లోగా ఉందిరా" అన్నారు. నిజమే, స్లోగా ఉంది. కాని నాకు అది తప్పుగా అనిపించలేదు. వెట్టి అంటే ఏమిటో పుస్తకంలో ఒక్క వాక్యంలో చదువుతాం: 'కూలి లేకుండా చేయించే పని.' చదవడానికి అర నిమిషం పడుతుంది. చేసేవాడికి మాత్రం జీవితమంతా పడుతుంది. చాకలివాళ్లు బట్టలు ఉతకాలి, కుమ్మరివాళ్లు కుండలు ఇవ్వాలి, గీతకార్మికులు కల్లు ఇవ్వాలి, నేతవాళ్లు బట్ట ఇవ్వాలి. అన్నీ ఉత్తగనే. ఈ సినిమా ఆ ముఖాలను తొందరపడకుండా చూపిస్తుంది. నటుల పక్కన నిజం పల్లెటూరి జనం కూడా ఉన్నారు. అందుకే ఎవరు నటులో, ఎవరు ఊరివాళ్లో చాలాసార్లు నాకు తెలియలేదు. వాళ్ల చేతులు చూస్తే పని చేసిన చేతులే అని తెలుస్తుంది.

నాకు బాగా నచ్చిన రెండో సంగతి భాష. షోలాపూర్‌లో పుట్టి పెరిగిన మన పిల్లలకు ఒక ఇబ్బంది ఉంది. మరాఠీ మాట్లాడితే "నువ్వు తెలుగోడివి కదా" అంటారు. హైదరాబాదు చుట్టాల ఇంటికి పోతే "మీ తెలుగేంది అట్ల ఉంది" అని నవ్వుతారు. టీవీలో వచ్చే తెలుగు మన ఇంట్లో మాట్లాడే తెలుగు కాదు. ఈ సినిమాలో మాత్రం మనుషులు మా అవ్వ మాట్లాడినట్లే మాట్లాడారు. ఒక్కో మాట వినగానే హాలులో వెనకాల కూర్చున్న ఆయమ్మ కూడా తల ఊపింది. దర్శకుడు బెంగాలీ అయినా మన మాటను మార్చలేదు. 'ఇది హాస్యానికి వాడే భాష' అన్నట్లు కాకుండా, ఏడవడానికీ కోప్పడడానికీ ప్రేమించడానికీ అదే భాష వాడాడు.

మూడోది పాటలు. పసులు కాసే పిల్లవాడి గురించి సుద్దాల హనుమంతు రాసిన పాటను సంధ్య పాడింది. అది వింటుంటే నిద్రపోయినవాళ్లు కూడా లేచారు. బడికి పోవలసిన వయసులో జీతం ఉన్న పిల్లవాడి కష్టం అందులో ఉంది. మన బస్తీలో బడి మానేసి పనికి పోయిన పిల్లలు మా తరగతిలోనే ఇద్దరున్నారు కాబట్టి ఆ పాట పాతది అనిపించలేదు. ఇంకో పాట బండి యాదగిరిది. అది గద్దర్ తెర మీదికి వచ్చి పాడతాడు. ఈ పాటలు సినిమా కోసం కూర్చొని రాసినవి కావు. పోరాటం జరుగుతున్నప్పుడు ఊళ్లలో పుట్టినవి. సంగీతం వింజమూరి సీతాదేవి. ఆమె వాటికి ఎక్కువ నగలు పెట్టకుండా ఉంచింది.

ఇక అన్నిటికన్నా ముఖ్యమైనది ముగింపు. మా చరిత్ర పాఠ్యపుస్తకంలో హైదరాబాదు విమోచనం గురించి ఒక భాగం ఉంది. స్వామి రామానంద తీర్థ, ఖాసిం రజ్వీ, రజాకార్లు, ఆపరేషన్ పోలో. 1948 సెప్టెంబరు 13న సైన్యం బయలుదేరింది, 17న నిజాం లొంగిపోయాడు. పాఠం అక్కడ అయిపోతుంది. తర్వాత ప్రశ్నలు, ఖాళీలు పూరించండి. సినిమాలో అసలు కష్టం అక్కడే మొదలవుతుంది. రజాకార్లు పోయారు, నిజాం రాజ్యం పోయింది. సరే, పంచుకున్న భూమి ఎవరిది? దొర సైన్యం వెనకాల తిరిగొస్తాడు. ఈసారి అతని తల మీద తెల్ల టోపీ ఉంటుంది. ఆ టోపీ చూడగానే హాలులో ఎవరో "అరే, వీడేనా!" అన్నారు. మా చరిత్ర సార్ నవ్వారు కాని ఏమీ అనలేదు. రాజ్యం మారినంత తొందరగా మనుషుల రోజు మారదు అని చెప్పడానికి ఆ టోపీ ఒక్కటి చాలు.

లెక్కలు చూసినా అదే తెలుస్తుంది. కడవెండిలో దొడ్డి కొమరయ్య కాల్పుల్లో చనిపోయింది 1946 జూలై 4న. పోరాటాన్ని విరమించింది 1951 అక్టోబరులో. అంటే నిజాం లొంగిపోయాక కూడా మూడేళ్లు ఊళ్లలో తుపాకులు మోగాయి. పుచ్చలపల్లి సుందరయ్య గారు రాసిన లెక్క ప్రకారం పోరాటం 3,000 గ్రామాలకు పాకింది, 10 లక్షల ఎకరాలు పంచారు, 4,000 మంది దాకా ప్రాణాలు పోయాయి. ఈ మూడేళ్లకు మా పుస్తకంలో చోటు లేదు. సినిమా చోటిచ్చింది. ఇది దాని గొప్పతనం.

కాని ముగింపు మీద నాకు ఒక అభ్యంతరం ఉంది. దొర తిరిగి రావడం చూపించారు. తిరిగి రానిది కూడా ఒకటుంది. అది వెట్టి. 1949లో జాగీర్లు రద్దయ్యాయి, 1950లో కౌలుదారుల చట్టం వచ్చింది. దొర భూమి చాలాచోట్ల దొర దగ్గరే ఉండిపోయింది కాని, ఊరంతటినీ ఉత్తగ పని చేయించే రోజులు మునుపటిలాగ మళ్లీ రాలేదు. రామయ్య చావు ఉత్తగ పోలేదని చెప్పడానికి అది పెద్ద సాక్ష్యం. సినిమా చూసి బయటికొచ్చిన పిల్లవాడు 'ఎంత కొట్లాడినా అంతే' అనుకునే ప్రమాదం ఉంది.

ఇప్పుడు సినిమాలో లేని మనుషుల గురించి చెప్తాను.

మొదట మనమే. రామయ్య ఊరు విడిచి పోయాడు, తిరిగొచ్చి పోరాడాడు. తిరిగి రానివాళ్ల సంగతి ఏమిటి? మా తాత మూడేళ్ల పిల్లవాడిగా ఉన్నప్పుడు 1948 ఎండాకాలంలో వాళ్లవాళ్లు నల్గొండ జిల్లా నుంచి షోలాపూర్ వచ్చారు. ఇక్కడ అప్పటికే మిల్లులున్నాయి, మన పద్మశాలీలు వచ్చి స్థిరపడి ఉన్నారు. మగ్గం ఎట్లున్నది అట్లనే వదిలి, నాడెలు రెండు మూటలో పెట్టుకొని రాత్రిళ్లు నడిచారట. తాతకు వాళ్లమ్మ చెప్పిన మాట ఇది: "సంఘపోళ్లు అన్నం అడిగితే పెట్టినం. పొద్దుగాల రజాకార్లొచ్చి పెట్టినవా అంటే పెట్టలేదన్నం. ఎన్నడు ఏ మాట దొరుకుతదో అని ఒకటే భయం." ఆమె ఏ పక్షం మనిషి? నాకు తెలిసి ఆకలైనవాళ్లకు అన్నం పెట్టిన పక్షం. అట్లాంటి మనిషి సినిమాలో నాకు కనపడలేదు. అందులో కొట్టేవాళ్లున్నారు, ఎదురు తిరిగేవాళ్లున్నారు. తలుపు చప్పుడైతే ఎవరొచ్చారో తెలియక గుండె పట్టుకునేవాళ్ల కథలోకి సినిమా పోదు.

సినిమా చూసి ఇంటికి పోయాక తాతకు కథంతా చెప్పాను. ఆయన విని, "మనం కొట్లాడినోళ్లం కాదు బిడ్డా. పానం పట్టుకొని ఉరికొచ్చినోళ్లం" అన్నాడు. ఆ మాటలో కొంచెం సిగ్గు ఉంది. డెబ్బై ఏళ్లు దాటినా అది పోలేదు. నాకు మాత్రం అందులో సిగ్గుపడేది ఏమీ కనపడలేదు. చంకలో పిల్లవాడిని పెట్టుకొని రాత్రి నడవడానికి ధైర్యం కావాలి. తెలియని ఊర్లో, తెలియని భాషలో, ఇంకొకరి మగ్గం మీద కూర్చొని మళ్లీ మొదలుపెట్టడానికి ఇంకా ధైర్యం కావాలి. వీరుల కథలు మాత్రమే చెప్పుకుంటూ పోతే వీరులు కాని వాళ్లకు తమ కథ చెప్పుకోవడానికే మొహమాటం వస్తుంది. ఇది ఈ ఒక్క సినిమా తప్పు కాదు. మనం ఉద్యమాల గురించి చెప్పుకునే పద్ధతే అట్ల ఉంది.

ఇంకో చిత్రం చూడండి. వాళ్లు పారిపోయి వచ్చింది షోలాపూర్‌కు. కొన్ని నెలలకే హైదరాబాదు మీదికి పోయే ముఖ్యమైన సైన్యం బయలుదేరింది ఇదే షోలాపూర్ నుంచి. మొదటి రోజే నల్‌దుర్గ్ దాటింది. మనం విహారయాత్రకు పోయి కోటలో ఫోటోలు దిగామే, ఆ నల్‌దుర్గే. ఇక్కడికి సుమారు 45 కిలోమీటర్లు. అంటే ఈ చరిత్ర ఎక్కడో దూరాన జరిగింది కాదు, మన రోడ్డు మీద నడిచిపోయింది. "తెలంగాణ కథ మనకెందుకు?" అని అడిగిన నా స్నేహితుడికి ఇదే నా జవాబు.

రెండోది చంద్రి. దొర ఆమె మీద కన్నేశాడు, ఆ బాధతో రామయ్య ఊరు విడిచాడు. కథ రామయ్య కోపం వెంట పట్నం దాకా పోయింది, తిరిగొచ్చింది. చంద్రి కోపం వెంట అంత దూరం నడవలేదు. అసలు దెబ్బ తగిలింది ఆమెకు కదా? చరిత్రలో చూస్తే పాలకుర్తి చాకలి ఐలమ్మ విసునూరు దేశ్‌ముఖ్‌కు ఎదురు నిలిచి తన చేను, తన పంట కాపాడుకుంది. ఎంతోమంది ఆడవాళ్లు దళాల్లో తిరిగారు, రహస్యంగా కబుర్లు మోశారు. పోరాటం అయిపోయాక వాళ్లలో చాలామందిని "ఇక ఇంటికి పోండి" అన్నారు. స్త్రీ శక్తి సంఘటన వాళ్లు ఆ ఆడవాళ్ల దగ్గరికి పోయి, వాళ్ల మాటలను వాళ్ల నోటితోనే చెప్పించి 'మనకు తెలియని మన చరిత్ర' అనే పుస్తకం తెచ్చారు. అది వచ్చింది 1986లో, సినిమా తర్వాత. మా టీచరమ్మ దాంట్లోంచి కొన్ని పేజీలు చదివి వినిపించారు. విన్నాక సినిమాలోని చంద్రి నాకు ఇంకా చిన్నగా కనపడింది. బీడీలు చుట్టి ఇల్లు నడిపే అమ్మలు, అవ్వలు ఉన్న బస్తీ మనది. ఆడమనిషి కథలో ఏడవడానికి మాత్రమే ఉంటే మనకు వెంటనే తెలిసిపోతుంది.

మూడోది చెప్పడానికి కొంచెం కష్టమైనది. సినిమా అయిపోయాక ఒకడు రజాకార్లను తిడుతూ "వాళ్లంతా అంతే" అన్నాడు. 'వాళ్లంతా' అంటే ఎవరో అందరికీ అర్థమైంది. మఖ్బూల్ పాత్రను రెండు గంటలు చూసి వచ్చి కూడా ఆ మాట ఎట్లా వచ్చిందో నాకు తెలియదు. రామయ్యకు దారి చూపించింది మఖ్బూల్ కదా. బయట చరిత్రలోనూ అంతే. దేశ్‌ముఖ్ మనుషుల చేతిలో చనిపోయిన బందగీ ముస్లిం పేద రైతు. రజాకార్లకు వ్యతిరేకంగా 'ఇమ్రోజ్' పత్రికలో రాసినందుకు 1948 ఆగస్టులో హత్యకు గురైన షోయబుల్లా ఖాన్ ముస్లిం సంపాదకుడు. ఈ విషయంలో సినిమా న్యాయంగానే ఉంది.

కాని సైన్యం వచ్చాక మామూలు ముస్లింలకు ఏమైందో అందులో లేదు. దాని పేరు 'పోలీసు చర్య', పోయింది మాత్రం సైన్యం. 1948 చివర భారత ప్రభుత్వం పండిట్ సుందర్‌లాల్, ఖాజీ అబ్దుల్ గఫార్, మౌలానా అబ్దుల్లా మిస్రీలను విచారణకు పంపింది. పోలీసు చర్య సమయంలో, ఆ తర్వాత 27,000 నుంచి 40,000 మంది దాకా చనిపోయి ఉంటారని వాళ్లు అంచనా వేశారు. అన్నిటికన్నా ఎక్కువ దెబ్బ తిన్న నాలుగు జిల్లాల్లో ఒకటి ఉస్మానాబాద్, అంటే మన పక్క జిల్లా ధారాశివ్. వాళ్లలో ఎక్కువమంది రజాకార్లు కారు. పని చేసుకొని బతికేవాళ్లు. రజాకార్లు చేసిన పాపానికి పక్కింటివాడు శిక్ష అనుభవించాడు. ఆ నివేదికను చాలా ఏళ్లు బయట పెట్టలేదు కాబట్టి 1979లో సినిమా తీసినవాళ్లను దీనికి పూర్తిగా తప్పు పట్టలేను. ఇప్పుడు చూస్తున్న మనం మాత్రం తెలుసుకోకపోతే తప్పు.

అదే నివేదికలో ఇంకో సంగతి ఉందని మా సార్ చెప్పారు. కొన్ని చోట్ల హిందువులు తమ పక్కింటి ముస్లింలను కాపాడారు, కొందరు ఆ పనిలో ప్రాణాలు కూడా పోగొట్టుకున్నారు. ముఖ్యంగా నేత పని చేసే హిందువులు, తమతో నేత పని చేసే ముస్లింలకు అడ్డం నిలబడ్డారట. ఇది విన్నప్పుడు నాకు గర్వంగా అనిపించింది. మా నాన్న పని చేసే పవర్‌లూమ్ షెడ్డులో ఇప్పటికీ రెండు మతాలవాళ్లు పక్కపక్క మగ్గాల మీద చద్దర్లు నేస్తారు. ఒకరి దారం తెగితే ఇంకొకరు అందుకుంటారు. ఆ రోజుల్లో అడ్డం నిలబడ్డ నేతన్నల పేర్లు మనకు తెలియవు. వాళ్ల మీద పాటలు లేవు, విగ్రహాలు లేవు. వాళ్లు తుపాకీ పట్టలేదు. అయినా వాళ్లు చేసింది రామయ్య చేసినదానికన్నా తక్కువ కాదని నా అభిప్రాయం.

ఇదంతా చెప్తే మా టీచరమ్మ ఒక మంచి ప్రశ్న అడిగారు: "ఒక్క సినిమా అన్నీ చూపించాలా? లేనిదాన్ని వెతకడమేనా విమర్శ?" నేను ఆలోచించాను. ఒక్క సినిమా అన్నీ చూపించలేదు, నిజమే. అన్నీ చూపించాలని పోతే ఏదీ సరిగ్గా కనపడదు. 'మా భూమి' రైతు పక్కన నిలబడి, అక్కడి నుంచి కనపడినంత చూపించింది. నిలబడిన చోటు మంచి చోటు. అప్పటిదాకా తెలుగు సినిమా పెద్దగా పోని చోటు. కాని ఒక సినిమాను అందరూ 'తెలంగాణ చరిత్ర ఇదే' అని చూపించడం మొదలుపెడితే, అప్పుడు అందులో లేని మనుషులు చరిత్రలో కూడా లేనట్లు అయిపోతారు. అందుకే లేనివాళ్ల పేర్లు అడగడం కూడా చూసేవాళ్ల పనే అని నేను టీచరమ్మకు చెప్పాను. ఆమె "అయితే రాయి" అన్నారు. అట్లా ఈ వ్యాసం వచ్చింది.

నన్ను మార్కులు వేయమంటే ఈ సినిమాకు పదికి ఎనిమిది వేస్తాను. ఒక మార్కు చంద్రి కోసం తగ్గించాను, ఇంకొకటి తలుపు చప్పుడుకు భయపడ్డ మా ముత్తవ్వ కోసం. మీరు చూసినప్పుడు మొదటి అర గంట ఓపిక పట్టండి. చివరి పది నిమిషాలు మాత్రం లేచి పోకండి, దొర తల మీది టోపీని చూడండి. చూశాక ఇంట్లో పెద్దవాళ్లను ఒక్క మాట అడగండి: మనం ఈ ఊరికి ఎన్నడొచ్చినం, ఎందుకొచ్చినం? మా తాత లాగ మీ తాత కూడా ముందు "అదంతా ఎందుకు బిడ్డా" అంటాడు. ఇంకోసారి అడగండి.